తిరగేసిన స్వర్గం

ఇంగ్లీషులో స్వర్గాన్ని ‘హెవెన్’ అంటారు. హెచ్, ఈ, ఏ, వీ, ఈ, ఎన్ - మొత్తం ఆరక్షరాలు. ఈ ఆరింటినీ చివరి నుంచి మొదటికి చదవండి. ఎన్, ఈ, వీ, ఏ, ఈ, హెచ్. దీన్ని ఏమని పలకాలో తెలియక మీ నాలుక తికమక పడితే అది మీ లోపం కాదు. అమెరికాలో దీన్ని ‘నెవేయా’ అని పలుకుతారు. నడుమ ‘వే’ దగ్గర కాస్త ఒత్తి, చివరి హెచ్‌ను మింగేస్తారు. ఇదేదో కొత్త మందు పేరూ కాదు, సబ్బు పేరూ కాదు. ఆడపిల్ల పేరు!

1999లో అమెరికా దేశం మొత్తం మీద ఈ పేరు పెట్టుకున్న పసిపిల్లలు 8 మంది. సరిగ్గా ఎనిమిది మంది. ఆ మరుసటి ఏడు, 2000లో, శాండియేగో నగరానికి చెందిన ఒక పాటల బృందంలోని గాయకుడు సోనీ శాండొవాల్ టెలివిజనులో కనిపించాడు. పేరున్న వాళ్ల ఇళ్లు చూపించే కార్యక్రమం అది. ఎమ్.టి.వి. వారు ప్రసారం చేశారు. ఆయన తన పసికూనను ఎత్తుకుని వచ్చి, పాప పేరు చెప్పి, ఇది తిరగేసిన స్వర్గమని వివరించాడు. అంతే! చూస్తున్న తల్లులకూ, తల్లులు కాబోతున్న వాళ్లకూ ఆ ముక్క మనసులో నాటుకుపోయింది. 2001లో వెయ్యిమందికి పైగా ఆడపిల్లలకు ఆ పేరే పెట్టారు. పేర్ల పట్టికలో ఎక్కడా లేనిది ఒక్కసారిగా 266వ స్థానంలో వచ్చి కూర్చుంది. 2005 నాటికి 70వ స్థానం. ఆ ఏడు 4,457 మంది నెవేయాలు పుట్టారు. 2010లో ఇరవై అయిదో స్థానం దాకా ఎక్కి, ఆ తరువాత మెల్లగా దిగుతూ వచ్చింది.

ఇందులో ఇంకొక తమాషా ఉంది. తిరగేసి రాయడంలో పొరపాటు పడ్డ తల్లిదండ్రులూ ఉన్నారు. ‘ఏ’, ‘ఈ’ రెండూ తారుమారు చేసి రాశారు. అలా రాసిన పేరు కూడా బాగా వాడుకలో ఉన్న మొదటి వెయ్యి పేర్ల పట్టికలోకి ఎక్కింది! ఆ పేరును తిరగేస్తే వచ్చేది స్వర్గమూ కాదు, నరకమూ కాదు, ఏదో త్రిశంకు లోకం.

ఈ పేరు గురించి నేనెందుకు ఇంత దూరం వెతికానంటే, తెనాలి వైపు నుంచి ఒక పెద్దావిడ ఉత్తరం రాశారు. ఆవిడ కుమారుడు అమెరికాలో ఉద్యోగం. అక్కడి అమ్మాయినే పెళ్లి చేసుకున్నాడు. ఆ పెళ్లికి ఆవిడ మనస్ఫూర్తిగానే ఆశీర్వదించారట. కోడలు మంచి పిల్ల అని కూడా రాశారు. పేచీ అంతా మనవరాలి పేరు దగ్గర వచ్చింది. ఆ పేరే నెవేయా. “బంధువులు ఇంటికి వస్తే పాప పేరు చెప్పడానికి సిగ్గుగా ఉంటోంది. ఒకాయన ‘నువ్వేనా’ అంటున్నట్టుంది అన్నాడు. అందరూ నవ్వారు. ఇందులో దేవుడి పేరు లేదు, మా అత్తగారి పేరు లేదు, అర్థం లేదు. నేను ఫోనులో పాపను ‘బంగారూ’ అనే పిలుస్తున్నాను. ఇంతవరకు ఆ పేరు నా నోటితో అనలేదు. అర్థం లేని పేరు పెడితే బిడ్డకు మంచిదేనా?” - ఇదీ ఆ ఉత్తరంలోని సారం.

“పేరులో ఏముందమ్మా” అని ఒక్క ముక్కలో జవాబు రాసి పంపవచ్చు. కాని అది జవాబు కాదు. పేరులో ఏమీ లేకపోతే ఆవిడకు సిగ్గెందుకు వేసింది? బంధువులు ఎందుకు నవ్వారు? ఏదో ఉండబట్టే కదా!

ముందుగా, అక్షరాలు తిరగేయడమనే విద్య మనకు కొత్త కాదు. బోయవాడికి మునులు ‘రామ’ అని నేరుగా చెప్పలేదు, ‘మరా మరా’ అనమన్నారు. అంటూ అంటూ ఉంటే అదే రామ నామమైంది, బోయవాడు వాల్మీకి అయ్యాడు. ఈ కథ తెలియని తెలుగిల్లు లేదు. మన తెనాలి రామకృష్ణుడి బిరుదు ‘వికటకవి’ని ఎటునుంచి చదివినా వికటకవే. పదిహేడవ శతాబ్దపు వేంకటాధ్వరి ‘రాఘవ యాదవీయం’ అని 30 శ్లోకాల కావ్యం సంస్కృతంలో రాశాడు. ముందు నుంచి చదివితే రాముడి కథ, వెనుక నుంచి చదివితే కృష్ణుడి కథ.

అయితే ఒక్క తేడా ఉంది. మన తిరగేత చెవికి వినిపిస్తుంది. ‘మరా’ను గబగబా అని చూడండి, రాముడు తనంతట తనే వినిపిస్తాడు. ఇంగ్లీషు వాళ్ల తిరగేత కంటికి మాత్రమే కనిపిస్తుంది. నెవేయా అని ఎన్నిసార్లు అన్నా హెవెన్ వినిపించదు. కాగితం మీద వాళ్ల అక్షరాల్లో రాసి చూసుకోవాలి. తెలుగులో రాస్తే ఆ కిటుకు కాస్తా ఎగిరిపోతుంది. నెవేయాను మన లిపిలో తిరగేస్తే ‘యావేనె’ అవుతుంది. అదేదో పక్షి అరుపులా ఉంది. పోనీ మన స్వర్గాన్నే తిరగేద్దామంటే ‘ర్గంస్వ’. పళ్లు ఊడతాయి! ‘దివి’ కాస్త నయం. తిరగేస్తే ‘విది’, ఒక ఒత్తు తగిలిస్తే విధి. ఆడపిల్లకు ఆ పేరు పెట్టే ధైర్యం ఎవరికుంటుంది?

ఇక అసలు సంగతికి వస్తాను. అర్థం లేని కల్పిత పేర్లు పెట్టడం అమెరికావాళ్ల కొత్త పిచ్చి అని చాలామంది అనుకుంటారు. కల్పన కొత్తది కాదు. ఆ దేశంలో ఇంగ్లీషువారి కథ మొదలైందే కల్పిత పేర్లతో. 1587లో రోనోక్ అనే చోట ఇంగ్లీషు దంపతులకు పుట్టిన మొదటి బిడ్డకు, ఆ కొత్త సీమ పేరునే తగిలించి వర్జీనియా అన్నారు. 1620లో మేఫ్లవర్ ఓడలో వలస వెళ్లిన వాళ్లలో ఒకావిడ సముద్రం మధ్య ప్రసవించింది. ఆ పిల్లవాడికి ‘ఓషియానస్’ అని పేరు పెట్టారు. సముద్రుడన్నమాట! ఓడ ఒడ్డు చేరి లంగరు వేశాక పుట్టిన ఇంకొక పిల్లవాడికి ‘పెరిగ్రిన్’ అన్నారు. యాత్రికుడని అర్థం. ఆ ఓడలోనే ‘రిమెంబర్’ అనే పేరుగల చిన్నపిల్ల కూడా ఉంది. జ్ఞాపకం ఉంచుకో, అని పిల్లకు పేరు! వాళ్ల ఊళ్లలో మిగిలిపోయిన అమ్మమ్మలు ఆ పేర్లు వింటే ముక్కున వేలేసుకునే వారే.

పోనీ, ఇంగ్లీషువారి పాత పేర్లన్నీ సనాతనమా? ‘వెనెస్సా’ అనే పేరు చూడండి. ఎంతో పురాతనంగా, ఏ గ్రీకు దేవతదో అన్నట్టుంటుంది. అది ‘గలివర్ యాత్రలు’ రాసిన జొనాథన్ స్విఫ్ట్ మహాశయుడు తయారు చేసిన పేరు. ఆయన స్నేహితురాలు ఎస్తర్ వానొమ్రి అనే ఆవిడ. ఇంటి పేరులోంచి ‘వాన్’ తీసుకుని, ఎస్తర్‌ను ముద్దుగా ‘ఎస్సా’ చేసి, రెండూ అతికి ఒక కావ్యానికి నాయికను చేశాడు. ఆ కావ్యం 1726లో అచ్చయింది. ఆ అతుకు ఇప్పుడు ఎవరికీ కనబడదు.

‘వెండీ’ కథ మనసు కరిగిస్తుంది. 1904లో జె.ఎమ్. బేరీ ‘పీటర్ పాన్’ నాటకం రాసినప్పుడు ఆ పేరు లోకానికి తెలిసింది. బేరీకి ఒక కవి మిత్రుడుండేవాడు, హెన్లీ అని. ఆయన కూతురు మార్గరెట్‌కు బేరీ అంటే ప్రాణం. ‘ఫ్రెండ్’ అని పిలవబోతే నోరు తిరగక ‘ఫ్వెండీ’ అనేదట. ఆ పాప అయిదేళ్లకే పోయింది. పసిదాని నత్తి మాట నాటకంలో నాయిక పేరయి, తరువాత ఎన్ని వేలమంది ఆడపిల్లల పేరయిందో! వెండీ అంటే అర్థమేమిటని నిఘంటువులో వెతికితే ఏం దొరుకుతుంది? అర్థం ఆ పాప నోట్లో ఉంది.

నవ్వు తెప్పించేది ‘మ్యాడిసన్’ కథ. మొదట అది ఇంటిపేరు. ఫలానావారి కొడుకు అని దాని అర్థం. అది ఒక అమెరికా అధ్యక్షుడి ఇంటిపేరు కావడం వల్ల న్యూయార్కులో ఒక తోటకు, ఆ తోట వల్ల ఒక వీధికి ఆ పేరు వచ్చింది. 1984లో ‘స్ప్లాష్’ అని ఒక చలనచిత్రం వచ్చింది. సముద్రంలోంచి వచ్చిన మత్స్యకన్య న్యూయార్కు వీధిలో నడుస్తూ, ఆ వీధి పేరుపలక చూసి, అదే తన పేరుగా పెట్టుకుంటుంది. అదసలు పేరే కాదంటాడు నాయకుడు. హాల్లో జనం నవ్వుకున్నారు. 2001 వచ్చేసరికి అమెరికా ఆడపిల్లల పేర్లలో మ్యాడిసన్‌ది రెండవ స్థానం! ‘కొడుకు’ అని అర్థమున్న పేరుతో లక్షలమంది కూతుళ్లు పెరిగి పెద్దవాళ్లయ్యారు. ఎవరికీ ఏ అనర్థమూ జరగలేదు. 2005లో నెవేయా 70వ స్థానానికి చేరినప్పుడు వెనెస్సాను దాటిపోయింది. వెనకటి తరం కల్పనను ఈ తరం కల్పన తోసిరాజన్నదన్నమాట.

మరి ఇంత కల్పన అక్కడే ఎందుకు? ఒక కారణం చట్టం. ఫ్రాన్సులో నెపోలియన్ నాటి చట్టం ప్రకారం ఒప్పుకున్న పేర్లలో నుంచే బిడ్డకు పేరు ఎంచుకోవాలి. ఆ కట్టుబాటు 1993 దాకా ఏదో ఒక రూపంలో సాగింది. ఐస్‌లాండులో కొత్త పేర్లను పరిశీలించడానికి ఒక సంఘమే ఉంది. అమెరికాలో అటువంటి పట్టిక లేదు. రాష్ట్రానికొక తీరుగా చిన్న చిన్న ఆంక్షలున్నాయి. కాలిఫోర్నియాలో ఇంగ్లీషు అక్షరాలు ఇరవై ఆరూ తప్ప అంకెలూ, గుర్తులూ పనికిరావు. ఆ ఇరవై ఆరింటినీ ఎటు తిప్పుకున్నా మీ ఇష్టం.

రెండవ కారణం నలుగురిలో ఒకరుగా కాక, ఒక్కరుగా కనిపించాలనే కోరిక. 1880లో అక్కడ పుట్టిన మగపిల్లలలో నూటికి ఎనిమిది మంది జాన్‌లు. ఇప్పుడు అన్నిటికన్నా ఎక్కువగా పెట్టే పేరు కూడా నూటికి ఒక్కడి దగ్గర ఆగిపోతోంది. 1954 నుంచి 1998 దాకా, 1960 ఒక్క ఏడు తప్పించి, మగపిల్లల పేర్లలో మైకేల్‌దే మొదటి స్థానం. మన వీధిలో ‘సుబ్బారావ్!’ అని కేక వేస్తే పది కిటికీలు తెరుచుకున్నట్టే, అక్కడి తరగతి గదుల్లో మైకేల్ అంటే నలుగురు లేచి నిలబడేవారు. సాంఘిక భద్రతా శాఖలో మైకేల్ షాకిల్‌ఫర్డ్ అనే ఉద్యోగి, తన బిడ్డకు ఆ అవస్థ రాకూడదని, శాఖవారి లెక్కల్లోంచి ఏ పేరు ఎందరికుందో తీయించే పద్ధతి కనిపెట్టాడు. 1997లో ఆ పట్టిక అందరికీ అందుబాటులోకి వచ్చింది. నెవేయా ఎందరో మనం ఇంత నిక్కచ్చిగా చెప్పుకోగలుగుతున్నామంటే ఆ మైకేల్ గారి చలవే.

ఇంతవరకు వినోదం. ఇకపైన చెప్పబోయేది వినోదం కాదు.

కల్పిత పేర్లను చూసి నవ్వడం అమెరికాలో కూడా ఉంది. తెనాలి బంధువు నవ్వినట్టే అక్కడి నాగరికులూ నవ్వుతారు. నెవేయా అంటే చదువు సంధ్యలు లేని వాళ్ల పేరు, టెలివిజను చూసి పెట్టుకునే పేరు అని వేళాకోళం. అక్కడ ఈ నవ్వు చాలాసార్లు పేరు మీద కాదు, పేరు వెనక ఉన్న మనిషి మీద పడుతుంది. ముఖ్యంగా నల్లజాతివారి విషయంలో. బానిసత్వపు రోజుల్లో వాళ్లకు పేర్లు పెట్టే అధికారం చాలాచోట్ల యజమానిది. పుట్టిన బిడ్డకు తనకు నచ్చిన పేరు పెట్టుకునే హక్కు కూడా తల్లికి నికరంగా ఉండేది కాదు. 1960ల తరువాత, పౌరహక్కుల పోరాటం సాగిన తరంలో, చాలా కుటుంబాలు యజమానుల పేర్లను పక్కకు నెట్టి కొత్త పేర్లు కల్పించుకున్నాయి. ‘ల’తో మొదలయ్యేవీ, ‘ఈషా’తో ముగిసేవీ - లకీషా, లటీషా - అలా పుట్టినవే. నవ్వేవాళ్లకు అవి అర్థం లేని చప్పుళ్లు. పెట్టినవాళ్లకు, ఇది మేము మా బిడ్డకు మేమే పెట్టుకున్న పేరు అనేదే వాటి అర్థం.

ఆ నవ్వు ఖరీదు ఎంతో ఇద్దరు పండితులు లెక్క కట్టారు. ఒకరు మారియన్ బెర్ట్రాండ్, మరొకరు మన పొరుగు తమిళ దేశంలో పుట్టి అమెరికాలో పెరిగిన సెంధిల్ ముల్లైనాథన్. బోస్టన్, చికాగో పత్రికల్లో వచ్చిన దాదాపు 1,300 ఉద్యోగ ప్రకటనలకు సుమారు 5,000 దరఖాస్తులు పంపారు. అన్నీ కల్పించినవే. చదువూ, అనుభవమూ సరిసమానం. పేర్లు మాత్రం వేరు. కొన్నిటి మీద ఎమిలీ, గ్రెగ్ వంటి తెల్లవారి పేర్లు, కొన్నిటి మీద లకీషా, జమాల్ వంటి నల్లవారి పేర్లు. తెల్లపేరుతో పది దరఖాస్తులు పంపితే ఒక పిలుపు వచ్చింది. నల్లపేరుకు అదే ఒక్క పిలుపు రావడానికి పదిహేను పంపవలసి వచ్చింది. ఈ పరిశోధన 2004లో అచ్చయింది.

అయితే మరి ఆ తల్లులు తప్పు చేశారా? అదే సంవత్సరంలో మరో ఇద్దరు పండితులు, రోలండ్ ఫ్రయర్, స్టీవెన్ లెవిట్, కాలిఫోర్నియాలో ఏళ్ల తరబడి నమోదైన జననాల లెక్కలు తిరగేశారు. పుట్టిన ఇంటి పరిస్థితిని, అంటే పేదరికం, తల్లి చదువు, ఉన్న పేట, ఇవన్నీ లెక్కలోకి తీసుకున్నాక, పేరొక్కటే బిడ్డ బ్రతుకును చెడగొట్టినట్టు వాళ్లకు కనబడలేదు. ఈ రెండు పరిశోధనలనూ పక్కపక్కన పెట్టి చూస్తే నాకు తోచేది ఇది: తలుపు మూసేది పేరు కాదు, తలుపు దగ్గర కూర్చున్న మనిషి. ఆ మనిషి చూసి నవ్వుతాడని మన బిడ్డ పేరు మనమే దాచుకోవడం న్యాయం కాదు.

ఇప్పుడు అర్థం మాట. మంచి అర్థం ఉంటేనే మంచి పేరా? మన పల్లెల్లో పెంటయ్య, పుల్లయ్య, పిచ్చమ్మ అనే పేర్లు మీరందరూ వినే ఉంటారు. పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతుంటే, ఈ ఒక్క బిడ్డనయినా మృత్యువు పనికిరానిదనుకుని వదిలేస్తుందని పెంటకుప్ప మీదా, పుల్లాకుల మీదా దొర్లించి ఆ పేరు పెట్టేవారు. నిఘంటువు చూస్తే పెంట. తల్లి గుండె చూస్తే ప్రాణం. దీనికి తలకిందులైన సంగతి మహారాష్ట్రలోని సతారా జిల్లాలో బయటపడింది. అక్కడ ఆడపిల్ల పుట్టిందని విసిగి ‘నకుషా’ అని పేర్లు పెట్టారు. అక్కరలేనిది అని అర్థం. 2011లో ఆ జిల్లా అధికారులు 280 మందికి పైగా అటువంటి పిల్లలకు సభ చేసి కొత్త పేర్లు పెట్టారు. నకుషా అచ్చమైన మాట, అర్థం స్పష్టంగా ఉన్న మాట. అంతకంటే పరమ అనర్థమైన పేరు ఇంకేం కావాలి?

కాబట్టి పేరుకు అర్థం రెండు చోట్ల ఉంటుంది. ఒకటి నిఘంటువులో, రెండోది పెట్టినవాళ్ల మనసులో. మొదటిది లేకపోయినా పిల్లలు పెరుగుతారు. రెండోది లేకపోతే కష్టం.

అంతెందుకు, మన ఇళ్లలో ఇప్పుడు జరుగుతున్నదేమిటి? నక్షత్రం చూసి, పాదం చూసి, వచ్చిన అక్షరానికి ముందొక హల్లూ వెనకొక ‘విత’యో, ‘న్విక’యో తగిలించి పేర్లు తయారు చేస్తున్నాం. జష్విత, హన్విత, లాన్విక - వినడానికి ఎంతో సంస్కృతంగా ఉంటాయి. పాత నిఘంటువు తీసి చూడండి, దొరికితే నాకు ఉత్తరం రాయండి. వాటిని మనం అర్థం లేని పేర్లని నవ్వడం లేదు. ముద్దుగానే పిలుచుకుంటున్నాం. మన పిల్లలకు చెల్లిన కల్పన పరాయి ఊళ్లో పుట్టిన మన పిల్లకు ఎందుకు చెల్లదు?

తెనాలి అమ్మగారికి నా మనవి ఒక్కటి. అక్కడి ఆసుపత్రుల పద్ధతి మనలాంటిది కాదు. బిడ్డతో ఇంటికి వెళ్లేలోపే జనన పత్రానికి పేరు అడుగుతారు. ఇరవై ఒకటో రోజు దాకా ఆగి, పెద్దలు సమావేశమై, బాబాయి ఒకటీ మేనత్త ఒకటీ చెప్పి, చివరికి నాయనమ్మ మాట నెగ్గేంత వ్యవధి అక్కడ ఉండదు. మీ కోడలు మిమ్మల్ని అడగలేదంటే అది నిర్లక్ష్యమే కానక్కరలేదు. పైగా ఆ అమ్మాయి ఏం చేసిందో చూడండి. తనకు తెలిసిన లోకాలన్నిటిలోకీ గొప్ప లోకాన్ని తీసుకుని, దాన్ని మీ మనవరాలికి పేరుగా చుట్టి ఇచ్చింది. దేవుడి పేరు లేదని మీరు దిగులు పడుతున్నారు. దేవుడుండే చోటే ఉంది కదండీ అందులో!

బారసాల చూడలేకపోయానన్న బాధ మీ ఉత్తరంలో వరుసల మధ్య కనిపించింది. దానికీ ఉపాయముంది. పాప ఈసారి ఇక్కడికి వచ్చినప్పుడు, పళ్లెంలో బియ్యం పోసి, కొడుకు చేత ఉంగరంతో పేరు రాయించండి. తెలుగులోనే రాయించండి. నె, వే, యా - మూడే అక్షరాలు. పళ్లెం నిండుతుంది. మీకు ఇష్టమయితే పక్కన మీ అత్తగారి పేరు కూడా రాయించండి. ఒక బిడ్డకు రెండు పేర్లుండటం మనకు వింత కాదు. కాని అంతదాకా ఆగకండి. ఈసారి ఫోను వచ్చినప్పుడు ‘బంగారూ’ అన్న తరువాత ఆ అసలు పేరు కూడా ఒక్కసారి పలకండి. నాయనమ్మ నోట తన పేరు వినని పిల్ల, తన పేరులో ఏదో లోపముందనుకుంటూ పెరుగుతుంది. మీరు రెండుసార్లు తప్పు పలికినా ఫరవాలేదు. పాప సరిదిద్దుతుంది. పిల్లలకు అంతకంటే సరదా పని ఉండదు.

ఇక నవ్విన బంధువుల సంగతి. మన తెలుగులో ‘పేరు పెట్టడం’ అనే మాటకు రెండు అర్థాలున్నాయి. ఒకటి బారసాల నాడు చేసేది. రెండోది వంక పెట్టడం. ‘ఆవిడ వంటకు పేరు పెట్టనక్కర లేదు’ అంటామే, అది. మొదటి పని చేసే హక్కు కన్నవాళ్లది. రెండో పని చేసే హక్కు ఎవరికీ లేదు. ఇక మిగిలింది పేరు తెచ్చుకోవడం. అది పూర్తిగా ఆ బిడ్డ చేతిలో ఉంది. వెనెస్సాను చూసి నవ్విన వాళ్లెవరో ఇప్పుడు ఎవరికీ తెలియదు. వెనెస్సాలు మాత్రం దేశమంతా ఉన్నారు.